మాస్టారి పాట మా ఊరిదైపోయిన వైనం

మూడో చరణం అయిపోయి మళ్ళీ పల్లవి ఎత్తుకున్నాం. డోలక్ మీద షిప్‌యార్డు అన్నయ్య చెయ్యి ఆగట్లేదు; సొంత అన్నయ్య కాదు, షిప్‌యార్డులో పనిచేస్తాడు, మేమంతా అలాగే పిలుస్తాం. నేను కళ్ళు మూసుకుని గొంతు చించుకుంటున్నాను. తీరా కళ్ళు తెరిస్తే, చర్చి తలుపు దగ్గర మా మాస్టారు నిలబడి ఉన్నారు.

నేను పాడ్డం ఆపేశాను. ఎందుకంటే మేం పాడుతున్నది ఆయన కట్టిన బాణీ. ఆ సంగతి ఆ హాల్లో అప్పటిదాకా నాకొక్కదానికే తెలుసు.

మా మాస్టారు ఎనభై దాటిన ఇంగ్లీషాయన. మడిచిన గొడుగులా సన్నగా, నిటారుగా ఉంటారు. పొద్దున ఇంగ్లీషు ఆరాధనలో ఆర్గన్ వాయించి, కళ్ళజోడు అక్కడే మరచిపోయి, దాని కోసం మధ్యాహ్నం మళ్ళీ వచ్చారట. మధ్యాహ్నం ఆ హాలు మా తెలుగువాళ్ళది. ఆయన పక్కనే కమిటీ ఆంటీ. ఆ చర్చిలో తాళాలూ ఆవిడవే, నిర్ణయాలూ ఆవిడవే. మాట చివర 'లా' తగిలించడం సింగపూరువాళ్ళ అలవాటు, ఆవిడకి మరీను. ఆవిడ కాలితో తాళం వేస్తోంది.

పాట ఆగగానే ఆంటీ చప్పట్లు కొట్టింది. "సో నైస్ లా! ఎక్కడిదీ పాట?"

నేను నోరు తెరిచేలోపే షిప్‌యార్డు అన్నయ్య ఛాతీ విరుచుకుని, వచ్చిన ఇంగ్లీషంతా ఖర్చుపెట్టేశాడు. "వెరీ వెరీ ఓల్డ్ సాంగ్ మేడమ్! అవర్ సైడ్! గ్రాండ్‌మదర్ సాంగ్!"

పాపం అతని తప్పేం లేదు. మా నాయనమ్మ పొలంలో పాడుకునేదని అతనికి చెప్పింది నేనే. దొర కట్టాడంటే మనవాళ్ళు నోరు తెరవరు కదా.

మాస్టారు నా వంక చూశారు. బడిలో దొంగ కాపీ పట్టుకున్న చూపు. ఇక అయిపోయింది, రేపే నన్ను ఫ్లైటెక్కిస్తారు అనుకున్నాను. ఆయన మెల్లిగా ముందుకొచ్చి, ఆర్గన్ మీదున్న కళ్ళజోడు తీసుకుని, తుడుచుకుని, పెట్టుకుని, "గ్రాండ్‌మదర్? ఇంట్రెస్టింగ్," అని వెళ్ళిపోయారు.

ఇంతకీ ఆయనెవరో, నేనెవరో చెప్పాలి కదా. నాది కోనసీమ వైపు. పదో తరగతి తప్పాను. సింగపూరులో ఇంటిపనికి వచ్చాను. మాస్టారి కూతురు వన్-నార్త్‌లో ఏదో ల్యాబులో పని చేస్తుంది. పొద్దున వెళ్తే చీకటి పడ్డాకే రావడం. వుడ్‌ల్యాండ్స్ ఫ్లాట్‌లో పగలంతా నేనూ, మాస్టారూ, ఆయన పియానో. మా మాటలన్నీ ఇంగ్లీషులోనే నడుస్తాయి. ఆయనది పుస్తకంలో ఇంగ్లీషు, నాది పది తప్పిన ఇంగ్లీషు. ఇక్కడ తెలుగులో రాసేస్తున్నాను, తిట్లతో సహా. ఆయనకి వచ్చిన తెలుగు మాట ఒక్కటే, "అమ్మాయ్". అది నేనే నేర్పాను, నా పేరు ఆయన నోట్లో నలిగి చస్తుంటే చూడలేక.

ఆయన ఇంగ్లండులో ఒక చిన్న ఊళ్ళో బడిపంతులు. లెక్కలూ సంగీతమూ చెప్పేవారు. సంత రోజున పశువులు బడి గోడకి ఒళ్ళు రుద్దుకునేవట. ఆదివారం చర్చిలో ఆర్గన్ వాయించేవారు. ఆర్గన్ అంటే మన హార్మోనియానికి ముత్తాత అనుకోండి. చేతులతో చాలదు, కింద వరసగా చెక్కలుంటాయి, వాటిని కాళ్ళతో తొక్కాలి. దానికోసం పల్చటి తోలు అడుగున్న బూట్లు వేరే. వాటిని గుడ్డసంచిలో పెట్టి మోసుకెళ్ళేది నేనే. మిగతా వారమంతా ఆయన బాణీలు కట్టేవారు. ఇప్పటికీ కడుతున్నారు. వాళ్ళ ఆచారం ఒకటి నాకు భలే నచ్చింది. వాళ్ళ కీర్తనల్లో మాటలకో పేరు, బాణీకో పేరు. బాణీకి ఎక్కువగా ఊరి పేరే పెడతారు. మాస్టారు ఇక్కడికొచ్చాక ఊళ్ళు దొరక్క రైలు స్టేషన్ల పేర్లు పెట్టడం మొదలెట్టారు. పియానో మీద కాగితాల దొంతర చూస్తే రైలు మ్యాపే. ఈషూన్ ఉంది, క్రాంజీ ఉంది, సెంబవాంగ్ ఉంది. నేను దొంగిలించిన దాని పేరు వుడ్‌ల్యాండ్స్.

బడి అలవాట్లు ఇంకా పోలేదు. నేనేం వండినా ఎర్ర పెన్సిలు ఊపుతూ మార్కులేస్తారు. ఉప్మాకి పదికి ఏడు. చింతపండు పులిహోరకి తొమ్మిది. పెసరట్టుకి నాలుగు వేసి, "మళ్ళీ రాయి" అన్నారు. నేను ఆ పెసరట్టు తీసేసి ఉత్తి బ్రెడ్డు పెట్టాను. మర్నాడు నాలుగు కాస్తా ఎనిమిదయింది.

ఇన్ని బాణీలు కట్టిన మనిషికి ఒక దిగులు. ఏ ఒక్కటీ జనం నోట ఎక్కలేదు. వాళ్ళ ఊళ్ళో పాస్టరుగారు ప్రతి ఏడూ "ఈస్టర్ అయ్యాక చూద్దాం" అనేవారట. ఈస్టర్లు చాలా అయ్యాయి. ఒకరోజు టీ తాగుతూ చెప్పారు.

"నా ట్యూన్లు నేనే వాయించుకున్నాను, నేనే విన్నాను అమ్మాయ్. ఒక్కసారి ఉత్తి గొంతులతో వినాలనుంది. కింద ఆర్గన్ లేకుండా, నేను లాక్కెళ్ళకుండా."

"మీ బడి పిల్లలు కూడా పాడలేదా సార్?"

"పాడారు. ఒక్కటి." ఆయన చెవులు ఎర్రబడ్డాయి. "మాటలు మార్చి పాడారు."

"ఏం మాటలు సార్?"

"టీ చల్లారిపోతోంది."

నేను ఎంత గింజుకున్నా చెప్పలేదు.

ఈ ఏడు ఆయనకి తొందరొచ్చింది. చర్చి వార్షికోత్సవం అయ్యాక ఆదివారాలకి కుర్రాళ్ళ గిటార్ బ్యాండు పెడతామని, ఆర్గన్ ఇక పెళ్ళిళ్ళకీ పండగలకేనని కమిటీ తేల్చేసింది. అంటే వార్షికోత్సవమే ఆయనకి చివరి ఆదివారం. ఆ రోజుకి పాడిస్తారేమోనని వుడ్‌ల్యాండ్స్ బాణీని చక్కగా సాపు రాసి, ఇస్త్రీ చొక్కా వేసుకుని కమిటీకి వినిపించారు. సంచీ పట్టుకుని నేనూ వెళ్ళాను. కమిటీ ఆంటీ తల ఊపుతూ విని, "వెరీ క్లెవర్ లా, సార్. కానీ మాలాంటి వాళ్ళ నోటికి పట్టదు. ఏదైనా సింపుల్‌గా?" అంది. ఆ రాత్రి మాస్టారు పులిహోరకి మార్కులే వెయ్యలేదు.

నోటికి పట్టదట! నాకు పట్టి కదా నెలల తరబడి గిన్నెలు తోముతూ అదే కూనిరాగం తీస్తున్నాను. నాకు ఒళ్ళు మండింది. ఆదివారం చర్చి వంటగదిలో షిప్‌యార్డు అన్నయ్యతో కూర్చుని మాటలు కట్టేశాను.

వానలో వాకిట నిలిచావా ప్రభువా
తలుపు తియ్యక నేను తడిపేశానా ప్రభువా

అన్నయ్యది శ్రీకాకుళం. విని, "ఏటి సెల్లీ, దేవుడు తడిసిపోయాడా! బాగుంది, ఉండు," అని బల్ల మీదే దరువెయ్యడం మొదలెట్టాడు. దరువు పడగానే బాణీ కాస్త పరుగందుకుంది. సాగాల్సిన చోట గొంతులు సాగాయి, వంకర్లు తిరిగాయి. ఇక పల్లవి సంగతి చెప్పక్కర్లేదు, ప్రతి చరణానికీ వెనక్కొచ్చింది. కమిటీ ముందు వాయించిన బాణీ ఇదేనని కట్టినాయన తప్ప ఇంకెవరూ పోల్చుకోలేరు. రెండు వారాల్లో మా వాళ్ళందరి నోళ్ళలో అదే. ఆ తర్వాతి ఆదివారమే మాస్టారి కళ్ళజోడు నా కొంప ముంచింది.

ఆ సాయంత్రం ఇంటికెళ్ళి తలుపు తీస్తే, పియానో ముందు కూర్చుని ఉన్నారు. ఎర్ర పెన్సిలు చేతిలోనే ఉంది.

"నిలబడు."

నిలబడే ఉన్నాను, ఇంకా నిటారయ్యాను.

"దొంగతనం చేశావు."

"అవును సార్."

"అది క్షమిస్తాను. కానీ తప్పుగా దొంగతనం చేశావు! మొదటి లైను మళ్ళీ మళ్ళీ ఎందుకొస్తోంది?"

"అది పల్లవి సార్. ప్రతి చరణం తర్వాత పల్లవికి రావాలి."

"ఎందుకు రావాలి? పాట ముందుకెళ్ళింది. చివరికి చేరింది. ఆమెన్. రైలు ఆఖరి స్టేషన్ చేరాక మళ్ళీ మొదటి స్టేషన్‌కి వెళ్తుందా?"

"సర్కిల్ లైనుంది కదా సార్."

పెన్సిలు పియానో మీద టక్కున కొట్టారు. నాకు నవ్వాగట్లేదు. ఆయనకీ ఆగట్లేదు, కానీ పంతులు కదా, కిటికీ వైపు తిరిగారు. అంతలో ఫోను మోగింది. కమిటీ ఆంటీ. స్పీకర్లో పెట్టారు.

"సార్, ఆ తెలుగు పాట నా తలలోంచి పోవట్లేదు లా! వార్షికోత్సవానికి అందరం కలిసి పాడదాం. పల్లవి అందరికీ ఇంగ్లీషు అక్షరాల్లో రాసిస్తాం. మీరు దాన్ని ఆర్గన్‌కి అమర్చగలరా? కష్టమా?"

మాస్టారు నన్ను చూశారు. నేను ద్వారబంధం పట్టుకుని నిలబడ్డాను. ఇప్పుడు నిజం చెప్తే ఆంటీ మొహం చిన్నబోతుంది, పాట పోతుంది. చెప్పకపోతే పాట బతుకుతుంది, ఆయన పేరు పోతుంది.

"చాలా పాత జానపద బాణీ మేడమ్," అన్నారు మాస్టారు, ప్రతి మాటా రుచి చూస్తూ. "కొంచెం పరిశోధన చెయ్యాలి. ప్రయత్నిస్తాను."

ఫోను పెట్టేశాక నేను ఆగలేకపోయాను. "మీదని చెప్పొచ్చు కదా సార్!"

"నాదంటే వాళ్ళకి మళ్ళీ నోటికి పట్టదు," అన్నారు. "మీ నాయనమ్మదైతే పడుతుంది. ఆవిడకి నా నమస్కారాలు చెప్పు."

పరిశోధన వారాల తరబడి సాగింది. అంటే రోజూ పోట్లాట. నా వంకర్లలో కొన్ని ఉంచారు, కొన్ని ఎర్ర పెన్సిలుతో కొట్టేశారు. డోలక్‌కి ఒప్పుకున్నారు, "గుర్రం తప్పించుకున్నట్టు కాకుండా" అనే షరతు మీద. పల్లవి దగ్గర మాత్రం ఇద్దరం కదల్లేదు. చివరికి బేరం కుదిరింది. మధ్యలో చరణాలకి పల్లవి ఉంటుంది. ఆఖరి చరణానికి ఉండదు. దాని తర్వాత ఆమెన్, ఆయన రాసిన ముగింపు, ఫుల్‌స్టాప్. ఆ ముగింపంటే ఆయనకి ప్రాణం. "ఈ ముగింపు కోసం నేను ఈ పాట కట్టాను," అన్నారు. దాంతో నేను నోరు మూసుకున్నాను. మా వాళ్ళకి ఖచ్చితంగా చెప్పాను, ఆఖర్న పల్లవి లేదు, ఆమెన్ అయ్యాక నోళ్ళు మూసెయ్యాలి అని.

"అలాగే సెల్లీ, ఎన్నిసార్లు సెప్తావు?" అన్నాడు అన్నయ్య.

వార్షికోత్సవం రోజు మా వాళ్ళు తెల్లారకముందే వచ్చి, ఇక్కడి టిఫిన్ బజారు, అదే హాకర్ సెంటర్లో టేబుళ్ళు ఆపుకున్నట్టు వెనక రెండు వరసలూ టిష్యూ ప్యాకెట్లు పెట్టి చోప్ చేసేశారు, అంటే మావేనని పట్టేసుకున్నారు. కమిటీ ఆంటీ పట్టుచీర కట్టుకొచ్చింది, లిటిల్ ఇండియాలో కొని, ఎవరితోనో కట్టించుకుని. ఆరాధన కాగితం మీద అచ్చులో "సంప్రదాయ తెలుగు బాణీ" అని ఉంది. మాస్టారు దాని కింద గోరుతో గీత గీసి నాకు చూపించారు. ఆయన భుజాలు కదులుతున్నాయి. నేను పేజీలు తిప్పడానికి పక్కనే నిలబడ్డాను. నాకు ఆ స్వరాలు చదవడం రాదు, ఆయన తల ఊపితే తిప్పుతాను.

పాట మొదలైంది. ఆర్గన్ మోగితే నేల కూడా పాడుతున్నట్టుంటుంది. పల్లవికి హాలంతా కలిసింది. చైనా ముసలమ్మలు "వానలో వాకిత" అంటూ ఎంత శ్రద్ధగా పాడారో! చరణాలు మా వాళ్ళవి. గుర్రం తప్పించుకోలేదు, కాస్త దుడుకుగా నడిచిందంతే. ఆఖరి చరణం వచ్చింది. తర్వాత ఆమెన్. మాస్టారు తన ముగింపుని కాళ్ళతో, చేతులతో, మొత్తం ఒంటితో వాయించి, చేతులు పైకి ఎత్తేశారు. ఫుల్‌స్టాప్.

వెనక నుంచి అన్నయ్య గొంతు.

"వానలో వాకిట..."

రెండు వరసల మా వాళ్ళూ అందుకున్నారు. డోలక్ లేదు, ఏం లేదు. వాళ్ళని చూసి ఇంగ్లీషువాళ్ళూ, చైనావాళ్ళూ, పట్టుచీర ఆంటీతో సహా, ఇదీ పాటలో భాగమే అనుకుని అందుకున్నారు. పల్లవి అందరికీ వచ్చు కదా.

నేను భయం భయంగా మాస్టారి వైపు చూశాను. ఆయన చేతులు గాల్లోనే ఉన్నాయి. ఒక క్షణం మీటల మీదకి వంగాయి, వంగి ఆగాయి. మెల్లిగా ఒళ్ళోకి వచ్చేశాయి. పల్చటి బూట్లు చెక్కల మీద వేలాడుతున్నాయి, తొక్కట్లేదు. ఆయన కాస్త పక్కకి తిరిగి, కూర్చుని విన్నారు. ఉత్తి గొంతులు. పల్లవి మొత్తం, రెండుసార్లు. మా వాళ్ళు ఒక్కసారితో ఎందుకాగుతారు?

నేను పేజీ తిప్పేశాను, తిప్పడానికి పేజీ లేకపోయినా. ఏదో ఒకటి చెయ్యాలి కదా చేతులతో.

అయ్యాక మకాన్ దగ్గర, అంటే భోజనాల దగ్గర, బిర్యానీ ప్లేట్లతో అందరూ నిలబడి ఉంటే, ఆంటీ మాస్టారి మోచెయ్యి పట్టుకుంది. కళ్ళు తుడుచుకుంటూనే అంది, "చూశారా సార్, ట్యూన్ అంటే ఇలా ఉండాలి! మీరు ఇలాంటిది ఒక్కటి ఎందుకు కట్టరు?"

నా నాలుక దురద పెట్టింది. నోరు తెరిచాను కూడా. కింద మాస్టారి బూటు నా కాలి మీద పడింది. ఆర్గన్ బూటు మెత్తగానే ఉంటుంది కానీ, తొక్కడంలో ఆయనకి ఒక జీవితం అనుభవం.

"ఇకముందు ప్రయత్నిస్తాను మేడమ్," అన్నారు ఎంతో వినయంగా.

నేను కుంటుకుంటూ వెళ్ళి అన్నయ్యని పట్టుకున్నాను. "ఆమెన్ తర్వాత ఆపమన్నానా లేదా?"

"ఆపాను సెల్లీ! నానైతే ఆపాను. నోరు ఆగలేదు. పల్లవికి రాకుండా వదిలేస్తే, పొయ్యి మీద పాలు పెట్టి ఊరెళ్ళిపోయినట్టుంది మరి." అని బిర్యానీలోకి వంగిపోయాడు.

ఇంటికెళ్ళే రైల్లో మాస్టారు సీట్లో, నేను ఎదురుగా కడ్డీ పట్టుకుని నిలబడి. చాలాసేపు కిటికీలోంచి చూస్తూ కూర్చున్నారు. కోపమేమో అనుకున్నాను. ప్రాణంలాంటి ముగింపు కదా, దాన్ని మా వాళ్ళు తొక్కుకుంటూ పోయారు.

"పదికి ఆరు," అన్నారు హఠాత్తుగా. "డోలక్ తొందరపడింది."

"ఆఖర్న పల్లవికో సార్?"

ఆయన నన్ను దగ్గరికి వంగమన్నారు. వంగితే, చెవిలో, ఆ బడి పిల్లలు ఆయన బాణీకి కట్టిన మాటలు పాడి వినిపించారు. సంగీతం పంతులు ప్యాంటు గురించీ, సంతకొచ్చిన ఎద్దు గురించీ. నేను నవ్వు ఆపుకోలేక కడ్డీ వదిలేసి, పక్క సీట్లో ఉన్న ఎవరో పెద్దాయన ఒళ్ళో పడబోయాను. మా మాస్టారు మాత్రం కళ్ళ నీళ్ళు కారుతున్నా మొహం బిగబట్టుకుని, పెద్దమనిషిలా గొడుగు పట్టుకుని కూర్చున్నారు.

మర్నాడు పొద్దున మాస్టారు పియానో ముందు కూర్చునే ఉన్నారు. పక్కన కాగితాల దొంతర. నేను ఇడ్లీ తెచ్చి పెడుతుంటే ఫోను మోగింది. ఆయన చెయ్యి ఖాళీ లేక నన్ను తియ్యమన్నారు. కమిటీ ఆంటీ.

"హలో, నువ్వేనా? మీ వైపు అలాంటి పాత పాటలు ఇంకా ఏమైనా ఉన్నాయా? నెలకొకటైనా మీ మాస్టారితో ఆర్గన్ మీద వాయింపించి అందరం పాడదామంటున్నారు. బ్యాండు కుర్రాళ్ళు కూడా అడుగుతున్నారు లా."

నేను ఫోను చేత్తో మూసి మాస్టారిని చూశాను. ఆయన దొంతర చూశారు. ఈషూన్, క్రాంజీ, సెంబవాంగ్. ఎర్ర పెన్సిలు చెవి మీదికి దోపుకుని, ఇడ్లీ తుంచి నోట్లో పెట్టుకుని, గోడ వైపు తిరిగిపోయారు. తనకేం సంబంధం లేనట్టు.

నేను చెయ్యి తీసి చెప్పాను. "ఎందుకు లేవు మేడమ్! మా వైపు ఊరికో పాట ఉంది."